నలభై ఒకటో నంబరు ఇంట్లో ఎంతమంది

మార్చి 4, బుధవారం

సరితూకాన్ని తీసేస్తారట. ఈ శుక్రవారం కాదు, వచ్చే శుక్రవారం. దాని చోట్లో కంప్యూటర్లు పెడతారట. మా హెడ్ క్లర్కు, అంటే పెద్దాయన, టీ చల్లార్చుకుంటూ మామూలుగా చెప్పేశాడు. నాకు గుండె జారిపోయింది. పైకి మాత్రం మంచిదే లెండి, తుడిచే పని తప్పింది అన్నాను.

సరితూకం అంటే ఇత్తడి త్రాసు. ఒకే పళ్ళెం, ఒకే ముల్లు. రోజూ సాయంత్రం అయిదింటికి ఇళ్ళ రిజిస్టరు దాని మీద పెడతాం. ఏ ఇంట్లో ఎంతమంది ఉంటున్నారో ఆ రిజిస్టర్లో ఉంటుంది. కాగితం మీదున్నదీ ఊళ్ళో ఉన్నదీ ఒకటే అయితే ముల్లు మధ్యలో నిలబడుతుంది. తేడా ఉంటే పక్కకి వాలుతుంది. తప్పెక్కడుందో వెతికి దిద్దుకోడానికి మాకు మూడు సాయంత్రాలు టైమిస్తుంది. దిద్దలేదో, నాలుగో రోజు పొద్దున్నకి అదే దిద్దేస్తుంది. కాగితాన్నైనా మారుస్తుంది, లోకాన్నైనా మారుస్తుంది. ఏది సులువైతే అది, అంటాడు పెద్దాయన. మనిషిని కదపడం కంటే అంకె మార్చడమే సులువు కదా. అందుకే ఆఫీసులో దానికెవరూ భయపడరు.

నేను తప్ప.

మార్చి 5, గురువారం

ఎక్కడా రాయని సంగతి ఇక్కడ రాసేస్తున్నాను. సరితూకం పోయేలోపు ఎక్కడో ఒకచోట ఉండాలిగా.

ఆరేళ్ళ కిందట, అమ్మ పోయిన ఏడాదికి, అక్క అమ్మ బట్టలన్నీ కత్తిరించి దుప్పటి కుట్టేసింది. నన్నొక్క మాట అడగలేదు. నేను ఆ బట్టల మడత కూడా విప్పకుండా దాచుకున్నాను. నేను రికార్డుల మనిషిని, తను కత్తెర మనిషి. ఆ రోజు నోటికెంతొస్తే అంత అన్నాను. ఈ ఇంట్లో ఒక్కరుంటే చాలు, ఇద్దరెందుకు అని కూడా అన్నాను. అక్క తిరిగి ఏమీ అనలేదు. అన్నా బాగుండేది.

మర్నాడు ఆఫీసుకెళ్ళాక కూడా ఒళ్ళు మండుతూనే ఉంది. మా నలభై ఒకటో నంబరు ఇంటి వరసలో 2 కొట్టేసి 1 వేశాను. క్లర్కు తన సొంతింటి వరస ముట్టుకోకూడదని రూలు. ముట్టుకున్నాను. కోపం తగ్గాక దిద్దేద్దాంలే అనుకున్నాను. మూడు రోజులూ తగ్గలేదు.

నాలుగో రోజు పొద్దున్న అక్క సంచీ సర్దుకుంది. వంతెన అవతల మేడ మీద గది దొరికిందని, కుట్టుమిషన్ వేసుకోడానికి సరిపోతుందని చెప్పి వెళ్ళిపోయింది. సాయంత్రం ముల్లు చక్కగా మధ్యలో నిలబడింది. నేను బాత్రూంలోకెళ్ళి కుళాయి తిప్పి ఏడ్చాను.

రాయకపోయినా వెళ్ళేదేమో. ఏమో. ఆరేళ్ళుగా ఈ ఒక్క ‘ఏమో’తోనే కాపరం చేస్తున్నాను.

మార్చి 6, శుక్రవారం

అక్క వరస 212వ పేజీలో ఉంది. వంతెన అవతల, మేడ మీద గది, 1. నెలనెలా చెకింగ్‌లో ఆ పేజీ వస్తుంది. ఆ ఒకటి దగ్గర నా వేలు ఆగిపోతుంది. బాగానే ఉన్నావా అని అడుగుతాను. పైకి కాదు లెండి, పిచ్చిదనుకుంటారు.

బస్సులో పదిహేను నిమిషాలు. అంతే దూరం. ఎన్నోసార్లు బయల్దేరాను. వంతెన మధ్యలో దిగిపోయి వెనక్కి నడిచొచ్చాను. తను రావాలి, ఇది తన ఇల్లు, నేనెందుకు వెళ్ళాలి అనుకుంటూ. మొండిఘటం అని అమ్మ ఊరికే అనలేదు.

ఏటా అక్క పుట్టినరోజుకి మా వరసలో 2 వేస్తున్నాను. ఇప్పటికి అయిదుసార్లు. అయిదుసార్లూ నాలుగో రోజుకి 1 అయిపోయింది. సరితూకానికి అక్కని కదపడం కంటే సిరా కదపడమే సులువైంది.

మార్చి 8, ఆదివారం

రేపు ఆఖరుసారి 2 రాస్తాను.

మార్చి 9, సోమవారం

రాశాను. ముల్లు వాలింది.

పెద్దాయన చూశాడు. ఎప్పట్లా కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ చూడనట్టు ఉండిపోతాడనుకున్నాను. ఈసారి కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. అయిదేళ్ళుగా అన్నీ తెలుసట! పైకి రిపోర్టు చెయ్యలేదట, మహానుభావుడు. అంకె అయితే వేస్తున్నావు గానీ, మీ అక్క రావడం ఎంత కష్టమో ఎప్పుడైనా ఆలోచించావా అని అడిగాడు. వస్తే ఎక్కడ పడుకుంటుంది, తలుపెవరు తీస్తారు అన్నాడు. నాకు చుర్రుమంది. మా ఇంటి సంగతి మీకెందుకండీ అన్నాను.

ఇంటికొచ్చి అక్క గది తలుపు నెట్టాను. సగమే తెరుచుకుంది. వెనకాల పాత పేపర్ల కట్టలు.

మార్చి 10, మంగళవారం

సెలవు పెట్టాను. పొద్దుట్నించీ అక్క గది ఖాళీ చేస్తూనే ఉన్నాను. ఆరేళ్ళ పేపర్లు, పాడైన ఫ్యాను, మూత లేని డబ్బాలు, డబ్బాల్లేని మూతలు. ఎవరైనా ఉండే గదిలా ఉంచానా అసలు! నడుం విరిగిపోయింది.

మంచం కింద దుప్పటి దొరికింది. అక్క పెట్టిన మడత మీదే ఉంది. ఇన్నేళ్ళలో నేను విప్పి చూడనే లేదు.

ఇవాళ విప్పాను. అమ్మ బట్టల్లో ప్రతిదాంట్లోంచీ ఓ ముక్క ఉంది. ఏదీ వదల్లేదు. నేను మర్చిపోయిన గళ్ళ చీర కూడా ఉంది. అమ్మ వానకోటుని మాత్రం జేబుతో సహా కత్తిరించి, జేబుని జేబులాగే కుట్టింది. ఇద్దరం కప్పుకుంటే నా వైపొచ్చేలా కుట్టింది. చిన్నప్పుడు రోడ్డు దాటేటప్పుడు ఆ జేబులోనే చెయ్యి పెట్టుకునేదాన్ని. అక్క చూసింది అన్నమాట. గుర్తుపెట్టుకుంది అన్నమాట.

చెయ్యి పెట్టుకుని చూశాను. ఇప్పుడు పట్టడం లేదు. నాలుగు వేళ్ళే పడుతున్నాయి.

అక్కా, రా అక్కా. తప్పు నాదే.

మార్చి 11, బుధవారం

ముల్లు ఇంకా వాలే ఉంది. మూడో సాయంత్రం అయిపోయింది.

ఇంకో సంగతి గుర్తొచ్చింది. అక్క వెళ్ళిన వారానికే ఉక్రోషం కొద్దీ తాళం మార్చేశాను. తన దగ్గరున్న తాళంచెవి పనికిరాదు. పనికొచ్చేది నా దగ్గరున్నది ఒక్కటే. రేపు పొద్దున్నే దాన్ని పక్కింటి పిన్నిగారికిచ్చి వెళ్తాను. పగలు వస్తే అక్క బయట నిలబడక్కర్లేదు.

మార్చి 12, గురువారం, పొద్దున్న 9.40

అంకె మారిపోయింది.

కానీ 1 కాలేదు. నలభై ఒకటో నంబరు ఇల్లు: 0.

సున్నా ఏమిటి? నేను మనిషిని కానా? ఆ ఇంటికి సున్నం వేయించేది ఎవరు, కుళాయి బాగుచేయించేది ఎవరు? కోపంతో కళ్ళు కనబడలేదు. పెద్దాయన 212వ పేజీ తిప్పి నా ముందు పెట్టాడు.

వంతెన అవతల, మేడ మీద గది: 2.

అచ్చం నా చేతిరాత. పెద్దాయన దగ్గొచ్చేదాకా నవ్వాడు. మీ ఇద్దర్లో ఎవరు కదలడం సులువో దానికి తేలింది అన్నాడు. నేను చస్తే వెళ్ళనన్నాను.

మధ్యాహ్నం 1.15

పిన్నిగారు ఫోన్ చేశారు. కూతురికి నొప్పులొస్తున్నాయని ఉన్నపళంగా బస్సెక్కేశారట. సగం దారిలో చూసుకుంటే మా తాళంచెవి ఆవిడ పర్సులోనే ఉందట. ఆదివారం గానీ రారట. ఏమీ అనుకోకమ్మా, నాలుగు రోజులు ఎక్కడైనా సర్దుకో అన్నారు.

ఎక్కడైనా అట.

సాయంత్రం 5.10

రిజిస్టరు పళ్ళెం మీద పెట్టాను. ముల్లు మధ్యలో నిలబడింది. నేనింకా ఆఫీసులోనే ఉన్నాను, చెప్పులు కూడా వేసుకోలేదు. దానికంత నమ్మకమేమిటో.

రేపు దాన్ని తీసుకెళ్ళిపోతారు. పళ్ళెం తుడిచాను. ఇంకోసారి తుడిచాను. పొద్దున్న లాండ్రీలో వేద్దామని తెచ్చిన దుప్పటి సంచీలోనే ఉంది. పెద్దాయన గడియారం వైపు చూసి, అయిదున్నర బస్సుంది అన్నాడు.

సాయంత్రం 6.05

వంతెన మధ్యలో దిగలేదు.

మేడ మెట్ల మీద కూర్చుని రాస్తున్నాను. దుప్పటి ఒళ్ళో ఉంది. లోపల కుట్టుమిషన్ చప్పుడు ఆగింది. ఎవరది అని అక్క అడుగుతోంది. పెన్ను మూసి చెప్తాను.