ట్యాంకరు ఎక్కడ ఆగాలి

ముదిగుబ్బ మండలం,
2003 ఆగస్టు.

చిరంజీవి హేమలతకు అమ్మ దీవెనలు.

ఇక్కడ వాన తప్ప అందరం క్షేమం. నర్సింగు హాస్టల్లో తిండి బాగానే ఉందని రాశావు, నా ప్రాణం కుదుటపడింది. వేరుశనగ ఎలా ఉందని అడిగావు. ఊడలు దిగే వేళకు చినుకు లేదు. ఆ సంగతి అడక్కుండా ఉంటేనే మేలు.

సౌతాఫ్రికా వాళ్ళు వచ్చారా అని కూడా అడిగావు కదా. వచ్చారు. కరువును ఎట్లా తట్టుకుంటున్నామో చూడటానికి వచ్చిన ఆ బృందంలో థాండీ అని నా ఈడు ఆవిడ ఉంది. వాళ్ళ రాష్ట్ర శాసనసభలో సభ్యురాలట. మన ఇంట్లోనే సంగటి తిన్నది. ఊరిబిండి పచ్చడి కారానికి కళ్ళనీళ్ళు పెట్టుకుని, మళ్ళీ వేయమన్నది. నాకు ఆమె అప్పుడే నచ్చేసింది.

ఒకప్పుడు వాళ్ళ దేశంలో తెల్లవాళ్ళ బెంచీ మీద నల్లవాళ్ళు కూర్చోకూడదట. ఓటూ లేదట. ఇప్పుడు అందరూ ఓటేసి జాతీయ సభను ఎన్నుకుంటారు, ఆ సభ దేశాధ్యక్షుణ్ణి ఎన్నుకుంటుంది. పార్లమెంటులో రాష్ట్రాల కోసం ఇంకో సభ ఉంది. ఉన్నవి తొమ్మిది రాష్ట్రాలు. పెద్దదైనా చిన్నదైనా ఒక్కోటి పదిమందిని పంపుతుంది. రాష్ట్రాలకు సంబంధించిన చట్టమొస్తే ఆ పదిమందికీ కలిపి ఒకటే ఓటు, అదీ వాళ్ళ ఇష్టానికి వేయకూడదు. ముందు వాళ్ళ రాష్ట్ర శాసనసభ కూర్చుని, జనాన్ని విచారించి, ఇట్లా వేసి రండని చెప్పి పంపాలి. ఎంత చక్కని ఏర్పాటో చూడు! అంత పెద్ద సభకు పోయినవాళ్ళు కూడా ఇంట్లో అడిగి పోవాల్సిందే.

నేనిట్లా మురిసిపోతుండగానే నీళ్ళ ట్యాంకరు వచ్చి, ఎప్పటిలాగే శ్రీరంగప్పగారి వీధిలో రచ్చకట్ట దగ్గర ఆగింది. ఆ వీధివాళ్ళు పట్టుకున్నాక మిగిలితే, మన కాలనీ వాళ్ళం అక్కడికే పోయి పట్టుకోవాలి. థాండీ ఏదో అడిగింది. తర్జుమా చేసే జయంతి తలవంచుకుని చెప్పింది.

"ట్యాంకరు ఈడనే ఆగల్లని మీకు ఎవరు చెప్పినారు, అని అడగతాంది అక్కా."

సర్పంచిని నేనే. నాకు చెప్పాల్సింది గ్రామసభ. ఇన్నాళ్ళూ గ్రామసభ అంటే కట్ట మీద శ్రీరంగప్పగారూ ఇంకో నలుగురూ. మనవాళ్ళం కింద నిలబడేవాళ్ళం, నాతో సహా.  సిగ్గేసింది.

వాళ్ళు వెళ్ళిన మరుసటి వారమే బడి ఆవరణలో గ్రామసభ పెట్టాను. మారెక్కకు పొగరెక్కిందన్నారు. ఎవరేమన్నా, నీళ్ళ సంగతి కాబట్టి అందరూ వచ్చారు. ట్యాంకరు కాలనీలో కూడా ఆగాలనేవాళ్ళు చెయ్యెత్తమన్నాను. ఒక్క చెయ్యీ లేవలేదు. ఎట్లా లేస్తుంది? ఎదురుగా శ్రీరంగప్పగారు. కాలనీలో సగం మంది ఆయన చేలో పనిచేసేవాళ్ళే. 

అప్పుడు మీ నాయన లేచాడు. శ్రీరంగప్పగారి ముందు ఏనాడూ తలెత్తని మనిషి చెయ్యెత్తాడు.

"ఏంరా ఓబుళేసూ, నీకేం తక్కువ చేసినా?" అన్నారు శ్రీరంగప్పగారు.

"మీరేం తక్కువ చేయలేదు సామీ. నేను నీళ్ళు అడగతాండా, అంతే."

ఎత్తిన చెయ్యి దించలేదు. ఆ తర్వాత ఒక్కొక్కటిగా చేతులు లేచాయి. కళ్ళనిండా నీళ్ళతో నేను సరిగా లెక్కపెట్టలేకపోతే పంచాయతీ కార్యదర్శి లెక్కపెట్టి తీర్మానం రాసుకున్నాడు. ఇన్నేళ్ళు కాపురం చేసినా, మీ నాయన ఎంతటివాడో ఆ రోజే చూశానమ్మా.

హేమా, నీకు ఒకటి చెప్పకుండా దాచాను. మరుసటి రోజే శ్రీరంగప్పగారు మీ నాయనను పనిలోకి రావద్దన్నారు. నువ్వు పుట్టకముందు నుంచి చేస్తున్న పని. ఇప్పుడు ముదిగుబ్బకు మూటలు మోయడానికి పోతున్నాడు. తెలిస్తే చదువు మానుకుని వస్తానంటావని భయపడ్డాను. రావద్దు. మీ నాయన మాట కూడా అదే.

థాండీ వాళ్ళ దేశంలో చెయ్యెత్తినవాళ్ళకు మర్నాడు పని ఉంటుందా అని అడిగాడు మీ నాయన. జయంతి చేత రాయించి కనుక్కుంటానన్నాను.

నిన్న ట్యాంకరు మొదటిసారి మన కాలనీలో ఆగింది. డ్రైవరు ఎంత తొందరపెట్టినా ఆడవాళ్ళెవరూ బిందె పెట్టలేదు. ముదిగుబ్బ నుంచి మీ నాయన వచ్చేదాకా ఆగారు.

ఇట్లు,
నిన్ను తలుచుకుంటూ
మీ అమ్మ, మారెక్క