శనివారం తీయని ఇంటర్వ్యూ

రూత్,

నువ్వు చనిపోయిన ఏడాదికి, నిన్న బాల్టిమోర్‌లో మన సినిమా వేశారు. యూదు బేస్‌బాల్ ఆటగాళ్ల మీద నువ్వు ఆరేళ్లు తీసిన డాక్యుమెంటరీకి, సౌండ్ చూసుకున్న నేనే ప్రేక్షకుల ప్రశ్నలకు జవాబులు చెప్పాల్సి వచ్చింది.

ఒకమ్మాయి లేచి, "మా తాతయ్యతో కూడా మాట్లాడారట కదా, సినిమాలో లేరేం?" అని అడిగింది.

తప్పు నాది. నాకు ఆఫీసు లేని రోజని, శనివారం వస్తామని ఆయన ఆన్సరింగ్ మెషిన్‌లో చెప్పేశాను. గుమ్మంలోనే ఆయన, "ఇవాళ సబ్బాత్, మాకు విశ్రాంతి దినం. కెమెరా ఆన్ చేయకూడదు" అన్నాడు. నాకు తెలియదు సరే, యూదురాలివి, నీకైనా గుర్తుండొద్దా అని కసిరాను.

"ఇవన్నీ తెలుసుకోడానికేగా ఈ సినిమా తీస్తున్నది" అన్నావు.

కెమెరా కారులో పెట్టి వచ్చి సాయంత్రం దాకా విన్నాం. మళ్లీ వెళ్లేలోపే ఆయన పోయాడు. విన్నది మనిద్దరమే. ఇప్పుడు నేనొక్కణ్ణే.

అందుకే ఆ అమ్మాయికి అంతా చెప్పాను. యూదు పేరైతే జనం గోల చేస్తారని టీమ్ వాళ్లు ఆయన పేరు మార్చేశారు. మొదటి ఆటకి వాళ్లమ్మ వచ్చింది. మైకులో కొత్త పేరు పిలిస్తే ఆయన మైదానంలోకి దిగాడు. దూరం చూపు ఆనని ఆవిడ పక్కాయన్ని అడిగింది: "మావాణ్ణి ఆటలోకి ఎప్పుడు దించుతారండీ?"

ఆ రోజు నువ్వక్కడ పకాలున నవ్వి, ఆయన ముఖం చూసి నోరు మూసుకున్నావు.

నిన్న నేనూ అక్కడే ఆగాను. "తర్వాత?" అంది ఆ అమ్మాయి.

నీ నవ్వు అయ్యాక చెబుదామని ఆగానని ఆమెకెలా చెప్పను?