ఉసిరిచెట్టు కింది మెత్తని నేల గురించి

యూనివర్సిటీ క్వార్టర్లు, వెనక వరుస,
తార్నాక.

శ్రీయుత ఎస్టేట్ ఆఫీసరు గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: మా వరుస సెప్టిక్ ట్యాంకు నీరు భూమిలో ఇంకక పైకి ఉబుకుట, తమ కారు దానిపైనే నిలుపుట గురించి.

తమకు విన్నవించుకొనునది ఏమనగా:

1. మా వరుసకు డ్రైనేజీ లైను లేదు. సెప్టిక్ ట్యాంకు నుంచి వచ్చే నీరు, ఉసిరిచెట్టు కింద పాతిన చిల్లుల గొట్టాల గుండా నేలలో ఇంకవలెను. ఆఫీసుకు దగ్గరనీ, నీడ బాగుందనీ తమరు రోజూ కారు అక్కడే పెట్టించుచున్నారు. ఆ బరువుకు గొట్టాలు పగిలినవి.

2. మరుగుదొడ్డిలో నీళ్లు పోస్తే గుడగుడమని తిరిగి పైకే వచ్చుచున్నవి. వాన లేకున్నా చెట్టు కింద చిత్తడి. ఎండాకాలంలో క్యాంపస్ అంతా మాడిపోయినా అక్కడ మాత్రం గడ్డి ఏపుగా ఉన్నది. కంపు సంగతి రాయను, తమరు సున్నితులు.

3. ఇదే విన్నవించగా, "గడ్డి మంచిగ పెరిగింది గద సార్, ఇగ కంప్లైంట్ ఏంది?" అన్నారు. పైగా కార్తీక వనభోజనాలు అక్కడే పెట్టించారు. పులిహోర తింటూ "పరుపు లెక్క ఉన్నది" అని మురిశారు. పెద్దలు లేవకుండా పంక్తిలోంచి లేచే అలవాటు మాకు లేదు. ముక్కు బిగబట్టి తిన్నాము.

4. ఆ విస్తళ్లు ఎత్తుతూ నా భార్య పద్మావతి మోకాలి దాకా దిగబడినది. అసలే షుగరు మనిషి. పగిలిన గొట్టం గీరుకున్న గాయం చీము పట్టి, కాలివేళ్లు రెండు తీసేశారు. ఆసుపత్రి నుంచి నేరుగా తమ గదికి వచ్చి మొరపెట్టుకుంటే, "నోటిమాట నడ్వది సార్, ఏమున్నా రాసియ్యుండ్రి. అమ్మగారిని జర చూస్కొని నడ్వమనుండ్రి" అని నవ్వారు. అయ్యా, ఆ నవ్వు నేను మరిచిపోలేదు. మరిచిపోను.

కావున కారును అక్కడ నుంచి తీయించి, గొట్టాలు మరొకచోట కొత్తగా వేయించవలెనని ప్రార్థన. ముక్కు మూసుకొని అయినా చిత్తగించవలెను.

రాసిమ్మన్నందుకు రాసి ఇచ్చుకుంటున్న
తమ విధేయుడు,
సోమయాజులు

తా.క. ఇది రాస్తుండగానే తమ కారు వచ్చి చెట్టు కింద ఆగింది. డ్రైవరు టీకి వెళ్లాడు. తమరు వెనక సీట్లో ఫోను మాట్లాడుతున్నారు. వెనక చక్రాలు మెల్లగా దిగబడుతున్నాయి. పద్మావతి కిటికీలోంచి చూసి, "అయ్యో, ఒక్క కేకెయ్యండి, దిగిపోతాడు" అంటోంది. నోటిమాట చెల్లదని చెప్పి కిటికీ మూశాను. ఈ అర్జీ రేపు ఆఫీసు తెరిచాక ఇన్‌వార్డులో ఇస్తాను.