మళ్లీ నిలబడండి

జహ్రా, కువైట్

దుర్గక్కకు,

ఐర్లాండులో ఒకసారి కౌన్సిలర్‌గా గెలిచిన మీరు ఈసారి ఓడిపోయారనీ, ఇక రాజకీయాలు వద్దంటున్నారనీ బావగారు ఫోనులో చెప్పారు.

మీరు ఇక్కడ నర్సుగా ఉన్నప్పుడు మన దేశంలో మా అమ్మకు జబ్బు చేసింది. నేను పనిచేసే ఇంటి యజమానురాలు, ఆ మామా, నా పాస్‌పోర్టు ఇవ్వనంది. మీరు నేరుగా ఆ ఇంటికే వచ్చారు. “ఏడవకే. ఆవిడ ఇచ్చేదాకా నేనిక్కడే కూచుంటాను” అన్నారు. సాయంత్రానికి మామా ఇచ్చేసింది. అమ్మను బతికుండగా చూసుకున్నాను.

అక్కడ మీరు ఆసుపత్రికి బస్సు వేయించారట. ఓడిన మర్నాడే ఆ ఊరి ముసలమ్మలు మీ ఇంటికి వచ్చి, వచ్చేసారి తామే ఇల్లిల్లూ తిరుగుతామన్నారట. వాళ్లను కాదనకండి. ఆ ఊళ్లో నాకు ఓటు లేదు. అయినా నేనూ అడుగుతున్నాను, మళ్లీ నిలబడండి.

మీ చెల్లి