దయ్యం నోటి దగ్గర ఖాళీ బుడగ

ఎడిటర్ గారికి నమస్కారం.

మన కామిక్స్‌లో పక్కింటి దయ్యానికి ఆ గుబురు మీసం ఎవరిదని అడిగారు. దాచను, బుడగల్లో మాటలు రాసే మా పక్కింటి బాబాయిగారిదే. మంత్రగత్తె ముక్కు నాదే లెండి. నా పూలకుండీ పగిలిన రోజు, పిల్లి పడేసిందని ఆయనా, కాదు ఆయనేనని నేనూ మాటా మాటా అనుకున్నాం. రెండేళ్లుగా మా మధ్య పచ్చగడ్డి వేస్తే భగ్గుమంటోంది. నేను గీసిన పేజీలు మీ ఆఫీసు దాకా వెళ్లి, తిరిగి మా పిట్టగోడ అవతలికే వస్తున్నాయి.

ఈసారి దయ్యం మంత్రగత్తె మీదికి దూకే బొమ్మలో, ఏం రాయాలో పెన్సిలుతో రాసివ్వడం మరిచిపోయాను. ఖాళీ బుడగని ఆయనే నింపారు:

"అమ్మాయ్, ఆ కుండీ పగలగొట్టింది నేనే. చచ్చి దయ్యాన్నయినా సిగ్గు చావలేదు."

కథకి పొసగదు, చెరిపేస్తానన్నారు మీరు. మన కథలో కుండీయే లేదని నాకూ తెలుసు. అయినా దయచేసి చెరపకండి. దయ్యం కోరలు కాస్త చిన్నవి చేస్తాను.

తరువాతి పేజీ కోసం మీ మనిషిని పంపకండి. గోడ మీంచి నేనే బాబాయిగారి చేతికిస్తాను.

ఇట్లు,
మీ బొమ్మలావిడ