పిండిమర దావా

ద్రాక్షారామం
4-2-1996

భ్రమరాంబకు,

ఆశీర్వదించి రాయాలి. చెయ్యి రావడం లేదు.

అమ్మ పిండిమరలో వాటా కోసం నీ మీద దావా వేసి పదకొండేళ్లయింది. వాయిదా మీద వాయిదా. నాకు అరవై ఎనిమిది వచ్చాయి. విచారణ త్వరగా ముగించమని మొన్న కోర్టులో అర్జీ పెట్టించాను. నకలు నీకు అందుతుంది. ఇంత తొందరెందుకో ప్లీడరుగారికి చెప్పలేదు, నీకు చెబుతాను.

కిందటి వాయిదా నాడు కోర్టు వరండాలో ఎవరో రైతు నీకు సంచిలోంచి పిండి తీసి చూపించాడు. నువ్వు రెండు వేళ్ల మధ్య నలిపి, "బరగ్గా ఉంది, మీ ఊరి మరాయన్ని అరిగిన రాయికి గంట్లు పెట్టించుకోమను" అన్నావు. అచ్చం అమ్మ చెయ్యి, అమ్మ గొంతు. "మర మా భ్రమర మాటే వింటది" అని ఊరంతా చెప్పుకునేది అమ్మ. నేను గడపలోకొస్తే "నీకెందుకే ఈ దుమ్ము, పో" అనేది. నాది ఆస్తి మీద ఆశ కాదు, కుళ్లు. నేను పోయేలోగా ఆ మర మీద నీ పెత్తనం పోవాలి.

మాణిక్యాంబ, వాది

కోటిపల్లి
13-2-1996

అక్కా,

నేను చెప్తంటే కోడలు రాస్తంది. నీ ఉత్తరం చదివితే తిట్లే కదా అని నవ్వుకున్నాను. ఆనక కోర్టు కాయితం చదివింది. గుండెజబ్బు ముదిరింది, ఎన్నాళ్లో బతకను అని రాశావంట! నాకో ముక్క చెప్పలేదేంటే, దొంగమొహవా?

అమ్మ నన్ను ముద్దుకి కూచోబెట్టుకుందనుకున్నావా? నీకు బడి, నాకు మర. ఒకదాన్నే చదివించగలనంది. నువ్వు పలకట్టుకుని పోతంటే పిండి మొహంతో గుమ్మంలో నిలబడి ఏడ్చేదాన్ని. కోర్టులో నువ్వు కలంతో సంతకం పెడతావు, నీ కళ్లముందే నేను వేలిముద్రేస్తాను. నాకూ కుళ్లేనే.

ఇంక దావా ఎందుకు? మర నువ్వే తీసుకో. సోమవారం కోర్టుకెళ్లి రాజీ కాయితం మీద వేలిముద్రేసేస్తాను. నువ్వు ముందు కాకినాడెళ్లి గుండె చూపించుకో.

నీ చెల్లి, భ్రమర

ద్రాక్షారామం
శనివారం

భ్రమరా,

నా గుండెకి ఏ జబ్బూ లేదు. "ఊరికే వాయిదా ముందుకు జరపరమ్మా, గుండెజబ్బు అని రాద్దాం" అన్నారు ప్లీడరుగారు. చదివి మరీ సంతకం పెట్టాను, చదువుకున్నదాన్ని గదా! ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడంటారు. నాకు తీర్పు దాకా కూడా ఆగలేదు ఏడుపు. అర్జీ వెనక్కి తీసుకోమని ప్లీడరుగారికి చెప్పేశాను. ఆ అబద్ధం సంగతి సోమవారం జడ్జిగారికి నేనే చెప్పుకుంటాను.

కుళ్లు పోయిందనుకోకు. పిండి నలిపే ఆ రెండు వేళ్లంటే నాకిప్పటికీ మంటే. సగం మర నాది, పుచ్చుకుని తీరతాను. సగం నీది. ఆ పిండి పట్టి చూడడం నువ్వు నాకు నేర్పాలి. నీ పేరు నాలుగక్షరాలేగా, నేను నేర్పుతాను.

ఈ చీటీ ప్లీడరుగారి గుమాస్తాతో పంపుతున్నాను. వెనకే నేను బస్సెక్కుతాను. నేనొచ్చేదాకా దేనిమీదా వేలిముద్ర వెయ్యకు.

నీ అక్క,
మాణిక్యం