క్రారవడి లేని మాట

గుంటూరు,
4-2-1961

చింతలపాలెంలో ఉన్న నాన్నకు, హాస్టలులో కిటికీ పక్క మంచం మీద కూర్చుని మల్లేశ్వరి నమస్కరించి రాసేది.

నాకు ఒంట్లో బాగానే ఉంది. నువ్వు పంపిన గోంగూర పచ్చడి జాడీ రెండు రోజుల్లో ఖాళీ అయింది. అందులో నేను తిన్నది తక్కువ. కళ్ళంలో మిరపకాయలు ఎండాయా? తొడిమలు తీయడానికి ఈ ఏడు కూడా పున్నమ్మ పిన్ని వస్తోందా?

నాన్నా, ఒక సంగతి. ఈ వేసవితో నా చదువు మానిపించాలా, బి.ఏ. పూర్తి చేయనివ్వాలా అన్నది నువ్వు ఇంకా తేల్చలేదు. మన ఇంట్లో పలక పట్టిన మొదటిదాన్ని నేనే కాబట్టి ఎంతవరకు చదివితే చాలో నీకూ తెలియదు, నాకూ తెలియదు. మా కాలేజీలో వ్యాసాల పోటీ పెట్టారు. నా వ్యాసం బాగుంటే మా లెక్చరరు కోటిరత్నంగారు నీకు స్వయంగా ఉత్తరం రాస్తానన్నారు. అది చూశాక తేల్చు.

నేను రాసేది నూరేళ్ళ కిందటి ఒక రష్యా నవలాకారుడి గురించి. ఆయన శైలి, ఆయన ఇతివృత్తాలు. పేరు ఇక్కడ రాస్తే, నీకు ఉత్తరాలు చదివిపెట్టే ఇమ్మానియేలు మాస్టారు గుక్క తిప్పుకోలేరని రాయడంలేదు. ఆయన రాసే తీరు చిత్రంగా ఉంటుంది. ముందు మంచు గురించి చెబుతాడు. తర్వాత గది గురించి చెబుతాడు. గదిలో ఎవరూ లేరనుకుంటూ చదువుతాం. మూడో పేజీకి వచ్చాక తెలుస్తుంది, మొదటినుంచీ మూలలో ఒకడు నిలబడి ఉన్నాడని.

నేను చదువుతున్న నవలలో ఒక గుమాస్తా ఉంటాడు. పక్కింటివాడు చనిపోయాక, వాళ్ళ దస్తావేజుకు నకలు తీస్తూ కావాలనే ఒక పంక్తి వదిలేస్తాడు. దాంతో ఆ విధవరాలి భూమి కొంత చెయ్యి జారుతుంది. ఎవరూ చూడలేదు. కానీ రోజూ దీపాలు పెట్టేవేళకి ఆ చనిపోయినవాడు వచ్చి మూల నిలబడి మెల్లగా ఒకే మాట అంటాడు: "రాయి... రాయి..." అంతే. గుమాస్తాకి జ్వరం పట్టుకుంటుంది. నేను ఇంగ్లీషులో చదివి నీకు తెలుగులో చెబుతున్నాను. చదువుతుంటే మా గది మూల వైపు చూడాలంటే భయం వేసింది.

నీ కూతురు,
మల్లేశ్వరి

తా.క. ఈ ఉత్తరం కళ్ళంలో అందరికీ వినబడేలా చదవమని మాస్టారితో చెప్పు. పున్నమ్మ పిన్నికి కథలంటే ఇష్టం.


చింతలపాలెం, మార్టూరు మీదుగా,
9-2-1961

మల్లేశ్వరికి తండ్రి బాపయ్య ఆశీర్వదించి చెప్పగా, ఇమ్మానియేలు మాస్టారు చెప్పింది చెప్పినట్టు వ్రాసేది.

నీ ఉత్తరం అందింది. నువ్వు కోరినట్టే కళ్ళంలో చదివించాను. తొడిమలు తీసే ఆడవాళ్ళు పన్నెండుమంది ఉన్నారు. పున్నమ్మ ఉంది. మాస్టారిది బళ్ళో గొంతు కదా, పక్క కళ్ళంలో కూడా వినబడింది. ఆ మాట దగ్గరికి వచ్చేసరికి ఆయన రెండుసార్లు చదివారు. తొడిమలు తుంచే చప్పుడు ఆగిపోయింది.

అమ్మాయీ, ఆ రాయి మాట ఎవరు చెప్పారు నీకు? నువ్వు అప్పటికి చిన్నపిల్లవి, అమ్మమ్మ ఊళ్ళో ఉన్నావు. నేను బతికుండగా మన ఇంట్లో రాయి మాట ఎత్తమాక. మాస్టారూ, ఈ ముక్క వ్రాయొద్దండి. వ్రాసేశారా. సరే కానివ్వండి.

అటువంటి పుస్తకాలు మానుకో. వ్యాసం కావాలంటే ఆవు మీద వ్రాసుకో. కాయ బాగానే ఎండుతోంది. పున్నమ్మ నన్ను అడుగుతోంది, ఆ గుమాస్తాకి జ్వరం తగ్గిందా అని. నావంక చూస్తూ అడుగుతోంది.

ఇట్లు, వేలిముద్ర వేసిన నీ తండ్రి,
బాపయ్య

తా.క. ఇది నా సొంతం. మిట్టమధ్యాహ్నం, కళ్ళంలో కాళ్ళు కాలే ఎండలో, మీ నాన్న దుప్పటి కప్పుకుని కూర్చుని ఈ ఉత్తరం చెప్పాడు. ఇంకొకటి. నీ ఉత్తరంలో ఒకచోట క్రారవడి ఎగిరిపోయి ఉత్త ర మిగిలింది. అక్షరం కింద చుట్టే ర వత్తు, అయిదో తరగతిలో నీకు నేనే నేర్పాను. అది లేకపోతే చదివేవాడికి ఇబ్బంది లేదు, వినేవాడికే. నువ్వు కూడా పున్నమ్మ భర్త రోశయ్యలా తయారవుతున్నావు. నలభయ్యో ఏట మా బడి అరుగు మీద కూర్చుని అక్షరాలు దిద్దాడు పాపం. పొలంలో కూడా పత్తికట్టెతో మట్టి మీద దిద్దేవాడు. తన మిరప బస్తాల మీద ర అని వ్రాసుకునేవాడు, దాని తలకట్టు తేలు కొండిలా పైకి లేచి ఉండేది. పోయేదాకా అతనికి క్రారవడి రాలేదు.
ఇ.


గుంటూరు,
13-2-1961, సోమవారం

నాన్నకు, మాస్టారి గొంతులో ఈ ఉత్తరం వినబోయే అందరికీ, మల్లేశ్వరి నమస్కారాలు.

నాన్నా, కథ నిన్ను ఇంత పట్టుకుంటుందని నేను అనుకోలేదు. చదువుకోకపోయినా నువ్వు సరిగ్గా కీలకం పట్టావు. రాయి మాట నేను పుట్టించింది కాదు. ఆ నవలలో నేను చదివినంతవరకే అది ముప్ఫై ఆరుసార్లు వచ్చింది, పెన్సిలుతో గీతలు పెట్టి చూశాను. నీ ఉత్తరం కోటిరత్నంగారికి చూపించాను. "మీ నాన్నగారికి రాయి సంగతి నాకంటే బాగా తెలిసినట్టుందే" అన్నారు. క్లాసులో అందరికీ చదివి వినిపించారు. నలభైమంది విన్నారు. నాకు ఎంత గర్వంగా అనిపించిందో.

పున్నమ్మ పిన్నికి చెప్పు, గుమాస్తాకి జ్వరం తగ్గలేదు. తగ్గదు కూడా. ఆ రచయిత నమ్మకం ఏమిటంటే, తప్పు చేసిన మనిషిని పోలీసులు పట్టుకోనక్కర్లేదు, వాడే తిరిగి తిరిగి ఆ చోటికి వస్తాడు. ఎవరైనా అడిగితే బాగుండునని చూస్తాడు. ఎవరూ అడగరు. వాక్యాలు కూడా అలాగే ఉంటాయి, మోకు పేనినట్టు, ఒకదాంట్లోంచి ఒకటి వస్తూ, ఎక్కడా చుక్క పెట్టనివ్వవు. చదివేవాళ్ళకీ ఒళ్ళు కాలుతుంది.

ఆ చనిపోయినవాడు ఎలా ఉంటాడో కిందటిసారి చెప్పలేదు కదూ. నెత్తిన గుడ్డ కప్పుకుని తల వంచుకుని ఉంటాడు. ముఖం కనబడదు. బయట వీధిలో కనబడినప్పుడు చేతిలో పుల్లతో మంచు మీద ఏదో గీస్తూ ఉంటాడు. నాకు ఇవాళ సాయంత్రమే ఆ పేజీ వచ్చింది.

మల్లేశ్వరి

తా.క. ఈ నవలల్లో ఒక్కొక్కరికి మూడు పేర్లుంటాయి. ఒకటి పెట్టిన పేరు, ఒకటి తండ్రి పేరు, ఒకటి ముద్దుపేరు. సగం పుస్తకం దాకా గుమాస్తాలు ముగ్గురనుకుని ముగ్గురి మీదా జాలిపడ్డాను.


చింతలపాలెం,
18-2-1961

మల్లేశ్వరికి తండ్రి బాపయ్య చెప్పగా, మాస్టారు ఏ ముక్కా వదలకుండా వ్రాసేది.

గుంటూరులో నలభైమందికి చెప్పావు. మంచిది. ఇక దాచేదేముంది.

వాడు నెత్తిన గుడ్డ కప్పుకుని ఉంటాడని నీకెట్లా తెలిసింది? నీ ఉత్తరం గురువారం వచ్చింది. నేను వాణ్ణి చూసింది సోమవారం. పొద్దుగూకేవేళ, ఎద్దులు తోలుకుని చేనుకి అడ్డం పడి వస్తున్నా. గట్టు మీద ఒక మనిషి గొంతుక్కూర్చుని ఉన్నాడు. నెత్తిన తుండుగుడ్డ. పత్తికట్టెతో నేల గీస్తున్నాడు. ఎవర్రా అది అన్నా. పలకలేదు. ఎద్దులు అడుగు ముందుకి వెయ్యలా. నేను గట్టు ఎక్కేసరికి లేడు. మట్టి మీద గీతలున్నాయి. నాకు చదవటం రాదుగా. కాలితో చెరిపేశా. మంగళవారం మళ్ళీ ఉన్నాయి. బుధవారం కూడా. మాస్టారిని తీసుకెళ్ళి చూపిద్దామంటే, ఏం ఉందో చదివేస్తారని భయం.

విను. రోశయ్య పోయిన పదో రోజున, పున్నమ్మ ఇంట్లో అందరూ కర్మల దగ్గర ఉండగా, నేను మా చేనుకీ వాళ్ళ చేనుకీ మధ్య ఉన్న హద్దురాయిని పెకలించి రెండు మూరలు అవతలికి జరిపాను. రెండు సాళ్ళ మిరప కోసం. నాలుగేళ్ళయింది. నాలుగేళ్ళుగా పున్నమ్మ తన చేలో కాసిన కాయకి నా కళ్ళంలో కూర్చుని కూలికి తొడిమలు తీస్తోంది. మాస్టారూ, ఇది వ్రాయొద్దండి. వ్రాశారా. మీ చెయ్యి పడిపోను, అదేం పద్ధతండీ.

నీ చదువు మూలానే వాడు లేచి వచ్చాడు. పుస్తకంలో వాణ్ణి పిలిచావు, ఇక్కడికి వచ్చాడు. వచ్చే శుక్రవారం నేను గుంటూరు వస్తున్నా. పెట్టె సర్దుకో. చదివింది చాలు.

బాపయ్య

తా.క. చెబుతున్నంతసేపూ మీ నాన్న గుమ్మం వైపే చూస్తున్నాడు. నేనూ ఒకసారి చూశాను. గుమ్మం బయట ఎద్దులు తప్ప ఎవరూ లేరు. ఎద్దులు ఇటు చూడటం లేదు. అవీ గట్టు వైపే చూస్తున్నాయి.
ఇ.


గుంటూరు,
21-2-1961

నాన్నకు మల్లేశ్వరి, పెట్టె సర్దకుండా రాసేది.

నీ ఉత్తరం నాలుగుసార్లు చదివాను. మూడుసార్లు ఏడ్చాను. నాలుగోసారి కళ్ళు తుడుచుకుని అక్షరాలు చూశాను. మాస్టారు "వ్రాయొద్దండి" అన్నచోట క్రారవడి పెట్టారు. "రాయి" అన్నచోట పెట్టలేదు. ఇది కిందటి ఉత్తరంలోనే చూసి ఉండవలసింది.

నాన్నా, నవలలో వాడు అన్నది హద్దురాయి కాదు. వ్రాయి అని. వదిలేసిన పంక్తి ఇప్పుడైనా వ్రాయి, అని. ఇక్కడ మాకు మాట్లాడినట్టే రాయమని చెబుతారు, అందుకని వ్రా బదులు రా అని పెట్టి క్రారవడి వదిలేశాను. నీ రాయి సంగతి నాకెవరూ చెప్పలేదు. గుంటూరులో ఎవరికీ తెలియదు. కోటిరత్నంగారు మెచ్చుకున్నది నీ సాహిత్యజ్ఞానాన్ని.

ఇది చెప్పకుండా ఊరుకుందామా అని ఒక పూటంతా ఆలోచించాను. ఈ ఉత్తరం అందాక నీ భయం పోతుంది. భయం పోయాక రాయి ఉన్నచోటే ఉండిపోతుందేమోనని నా భయం. కానీ నిన్ను భయపెట్టి మంచివాణ్ణి చేయడం కూడా ఒక పంక్తి దాచడమే అనిపించింది. అందుకని రాస్తున్నాను. పున్నమ్మ పిన్ని నాకు జడలు వేసిన మనిషి. ఇక నీ ఇష్టం.

నన్ను మాత్రం తీసుకుపోకు. వ్యాసం ముగింపు ఒక్కటే మిగిలింది. చివరికి ఆ గుమాస్తా రాశాడో లేదో ఆ రచయిత చెప్పకుండానే నవల ముగించాడు. అదే ఆయన గొప్పతనం అంటారు కోటిరత్నంగారు. నాకు మాత్రం మోసం చేసినట్టుంది.

మల్లేశ్వరి

తా.క. మాస్టారికి: మీకు మొదటి రోజునుంచీ తెలుసు కదూ?


చింతలపాలెం,
25-2-1961, శనివారం

గుంటూరులోనే ఉన్న, ఉండబోయే మల్లేశ్వరికి, తండ్రి బాపయ్య చెప్పగా వ్రాసేది.

శుక్రవారం నేను ఎందుకు రాలేదో చెబుతాను. నీ ఉత్తరం గురువారం వచ్చింది. బుధవారం పొద్దున్నే నేను గడ్డపార తీసుకుని చేలోకి పోయాను. పట్టపగలు, అందరూ చూస్తుండగా. పున్నమ్మని రమ్మన్నాను. రాయి పెకలించి, రెండు మూరలు కొలిచి, పాత గుంత వెతికి అందులో దించాను. ఇదీ సంగతి అన్నాను.

పున్నమ్మ చీర కొంగుతో రాయి మీద మట్టి తుడిచింది. "తెలుసు బావా" అంది. "ఆయన పోయిన పదకొండో రోజునే చూశా. నువ్వే ఎప్పుడో ఒకప్పుడు చెబుతావని నీ కళ్ళంలోనే కూర్చున్నా. మరీ ఇంత ఆలస్యం చేస్తావనుకోలా." తర్వాత, "ఇంతకీ జ్వరం తగ్గిందా?" అంది. "ఎవరికి, గుమాస్తాకా?" అన్నా. "ఆయన సంగతి రష్యావాళ్ళు చూసుకుంటారులే" అంది. ఈ ఏడు ఆ రెండు సాళ్ళ కాయ బస్తాలకెత్తి వాళ్ళింట్లో దింపాను.

మర్నాడు నీ ఉత్తరం వచ్చింది. మాస్టారు చదివి, రాయి కాదు వ్రాయి అన్నారు. కళ్ళంలో అందరం నవ్వుకున్నాం. పున్నమ్మ కళ్ళలో నీళ్ళొచ్చేదాకా నవ్వింది. నవ్వు తగ్గాక నేను అడిగాను, మరి గట్టు మీద కూర్చున్నది ఎవరు అని. అందరూ మళ్ళీ తొడిమలు తియ్యటంలో పడ్డారు.

బుధవారం నుంచి వాడు కనబడటం లేదు. నువ్వు బి.ఏ. అయ్యేదాకా అక్కడే ఉండు. మీ లెక్చరరమ్మ ఉత్తరం రాకపోయినా ఫర్వాలేదు. ముగింపు ఏం పెట్టాలో నీకు తెలిసిందిగా, ఆ రష్యా ఆయన చెప్పకపోతే నువ్వు చెప్పు. ఈసారి వేలిముద్ర వెయ్యటం లేదు. నీకోసం ఒక మాట నా చేత్తో నేనే గీస్తున్నా.

రాయి

తా.క. అవును, మొదటి రోజునుంచీ తెలుసు. చెప్పింది చెప్పినట్టు వ్రాయడం, వ్రాసింది వ్రాసినట్టు చదవడం నా పని. విన్నవాడికి ఏం వినబడిందో అది నా పని కాదు.

కానీ అమ్మాయీ, పైన మీ నాన్న గీసిన మాట నేను నేర్పింది కాదు. ఎక్కడ నేర్చుకున్నావయ్యా అంటే, బుధవారం రాయి పెకలించినప్పుడు దాని కింద, తడి నల్లమట్టి మీద ఉందట. గట్టు మీద తను చెరిపేసిన గీతలూ అవేనట. పది రోజులుగా చూసి చూసి చేతికి వచ్చేసిందంటాడు. నాలుగేళ్ళుగా రాయి కింద ఉన్న మట్టి అది.

ఆ ర ఒకసారి చూడు. తలకట్టు తేలు కొండిలా పైకి లేచి ఉంది.

తనని రాయి జరపమన్నాడా, నిన్ను వ్రాయమన్నాడా అని మీ నాన్న నన్ను అడుగుతున్నాడు. రోశయ్యకి క్రారవడి ఎప్పుడూ రాలేదు.
ఇ.